తాటిచెట్టు కింద

మా కాలేజీలో ఇంగ్లీషు చెప్పే మిత్రుడొకాయన ఉన్నారు. మంచివారు. ఇంగ్లండు దేశం ఎన్నడూ చూడలేదు గాని, అక్కడ ఏ వూళ్ళో ఏ చెట్టు ఎప్పుడు పూస్తుందో ఆయనకి కంఠతా వచ్చు. 2025లో రథసప్తమి వెళ్ళిన వారం, మధ్యాహ్నం టీ గ్లాసులు చేతికి వచ్చిన వేళ, ఆయన సైడరు అనే పానీయం సంగతి ఎత్తుకున్నారు.

"సోమర్సెట్ అని ఒక జిల్లా ఉందండీ. అక్కడ జనవరి నెలలో ఒక రాత్రి వూరంతా ఆపిల్ తోటకి పోతారు. తోటలో అన్నిటికంటె ముసలి చెట్టు చుట్టూ చేరి పాటలు పాడతారు. చెట్టు మొదట్లో సైడరు పోస్తారు. సైడరులో తడిపిన రొట్టెముక్కలు కొమ్మలకి తగిలిస్తారు. పళ్ళాలు వాయించి, తుపాకులు పేల్చి దుష్టశక్తుల్ని తోలేస్తారు. వచ్చే యేడు కాపు బాగుండాలని! దాన్ని వాసెయిల్ అంటారు. పూర్వం పొలం కూలీలకి జీతంలో కొంతభాగం సైడరే ఇచ్చేవారు తెలుసునా? 1887లో పార్లమెంటు చట్టం చేసి మరీ మాన్పించవలసి వచ్చింది. ఎంత గొప్ప సంస్కృతి!"

"అసలు సైడరంటే ఏమిటండీ?" అని చరిత్ర మేష్టారు అడిగారు.

"ఆపిల్ పళ్ళు నలగ్గొట్టి, రసం పిండి, పీపాల్లో పోసి వదిలేస్తారు. అదే పులుస్తుంది."

"అంటే ఆపిల్ కల్లన్నమాట" అన్నాను, నోరు ఊరుకోక.

అందరూ నవ్వారు. ఆయన నవ్వలేదు. "కల్లుకీ దానికీ పోలికేమిటి మేష్టారూ?" అని గ్లాసు బల్లమీద పెట్టేసి క్లాసుకి వెళ్ళిపోయారు. ఇంకా అయిదు నిమిషాలు టైముంది. పాపం, ఆ రోజుకి ఆయన టీ పాడుచేశాను.

ఈ సంగతి అక్కడితో మరిచిపోవలసిందే. కాని ఆ సాయంత్రమే ఇంకొకటి జరిగింది. కాలేజీలో మా ఒక్కొక్కరికీ కొంతమంది పిల్లల్ని అప్పగిస్తారు. వాళ్ళ వివరాలు ఒక పుస్తకంలో రాయించి, మంచిచెడ్డలు చూసుకుంటూ ఉండాలి. నా వాటాకి వచ్చిన వాళ్ళలో రెండో సంవత్సరం చదివే అమ్మాయి ఒకతె అన్ని గడులూ ముత్యాల్లాంటి అక్షరాలతో నింపి, "తండ్రి వృత్తి" అన్న గడి మాత్రం ఖాళీగా వదిలేసింది.

"ఇది మరిచిపోయావేమమ్మా?" అన్నాను.

"ఏం రాయమంటారండీ?"

"ఆయన చేసే పనే రాయి."

ఆ పిల్ల కాసేపు కలం మూత తిప్పుతూ నిలబడింది. తరవాత "కూలి" అని రాసింది. వూరి పేరు చూస్తే అరసవల్లి. "మాదీ అరసవల్లేనమ్మా" అన్నాను.

"తెలుసునండీ. మా నాన్న మీతో చదువుకున్నాడటండీ" అని తండ్రి పేరు చెప్పింది.

ఆ పేరు వినేటప్పటికి నాకు చెవులు వేడెక్కాయి. ఎందుకో చెప్పాలంటే ముప్ఫయి అయిదేళ్ళు వెనక్కి వెళ్ళాలి.

అరసవల్లి అనగానే అందరికీ సూర్యనారాయణస్వామి జ్ఞాపకం వస్తాడు. న్యాయమే. ఆదివారం వచ్చిందంటే శ్రీకాకుళం నుంచి మా వూరి దాకా రోడ్డు రోడ్డంతా జనమే. ఆ గుడి దాటి గార రోడ్డు మీద నాలుగడుగులు వేస్తే పొలం గట్ల మీద వరసకట్టి నిలబడ్డ తాళ్ళు మాత్రం ఎవరికీ జ్ఞాపకం ఉండవు. ఆ దారిలోనే మాకు ఎకరంన్నర పొలం ఉండేది. గట్టున పదకొండు తాళ్ళు. వాటిని గీసేది ఆ అమ్మాయి తాత. వూళ్ళో అందరికీ అందరితోనూ ఏదో ఒక వరస ఉంటుంది గదా, నేనతన్ని మావా అనేవాణ్ణి.

పొద్దు పొడవకముందే మావ చెట్టెక్కేవాడు. నడుముకి మోకు, కాళ్ళకి తాటినార బంధం, వెనకాల కత్తులపెట్టె, పక్కని లొట్టి. మోకు మీదికి వెల్లకిల వాలి, కాళ్ళు పైకి జరుపుకుని, మళ్ళీ మోకు పైకి ఎగరేసి, అల్లా అల్లా నలభై అడుగుల పైకి వెళ్ళిపోయేవాడు. కింద నిలబడి చూసే నాకు మెడ నొప్పెట్టేది.

పైన అతను చేసే పని నేను చాలాకాలం దాకా సరిగ్గా తెలుసుకోలేదు. తాళ్ళలో మగచెట్టు వేరు, ఆడచెట్టు వేరు. మగచెట్టుకి వేళ్ళలాగా పొడుగ్గా గెలలు వస్తాయి. వాటిని కట్టగా కట్టి, కర్ర పట్టుకారుతో కొన్నాళ్ళపాటు రోజూ కొంచెం కొంచెం నొక్కాలి. గట్టిగా నొక్కితే గెల చచ్చిపోతుంది. మెత్తగా నొక్కితే పారదు. ఆ నొక్కుడు ఎంతో చేతికి తెలియాలి గాని నోటితో చెప్పేది కాదు. తరవాత గెల కొసని ఉల్లిపొరంత పల్చగా చెక్కి, లొట్టి తగిలిస్తారు. పొద్దుటా సాయంత్రమూ ఎక్కి మళ్ళీ ఒక్క పొర తియ్యాలి. ఒక్కరోజు మానితే కోసిన చోటు ఎండిపోతుంది. అంచేత మాఘం నుంచి జ్యేష్ఠం దాకా గీతవాడికి జ్వరం రాకూడదు, చుట్టం రాకూడదు, పండగ రాకూడదు.

లొట్టిలోకి దిగేది మొదట కల్లు కాదు. నూటికి పది పన్నెండు పాళ్ళు పంచదార ఉన్న తియ్యటి నీళ్ళు. లొట్టి లోపల సున్నం పూసి పెడితే పులవకుండా అల్లాగే ఉంటుంది. దాన్నే నీరా అంటున్నారు. మా వైపు తీపి కల్లు అంటారు. ఎనిమిది లీటర్లో కాస్త ఎక్కువో కాస్తే, సుమారు కిలో తాటిబెల్లం దిగుతుంది. సున్నం పూయని లొట్టిలో అయితే దిగుతూండగానే పులుపు మొదలవుతుంది. ఎవరూ ఏమీ కలపక్కర్లేదు. నిన్నటి కల్లు తడి లొట్టికి పట్టి ఉంటుంది గదా, పాలకి తోడు లాగా అదే పని చేస్తుంది. పొద్దుటికి తియ్యన, మధ్యాహ్నానికి ఘాటు, మర్నాటికి పులుసులో పోసుకోవలసిందే.

మా ఆమ్మ సంగతి చెప్పాలి. నాన్నకి తల్లి. ఆవిడకి లొట్టి మా గుమ్మం తొక్కరాదు. మావ భార్య వస్తే పెరటి దడి అవతలే నిలబడాలి. అయితే, ఏ మాటకామాటే చెప్పుకోవాలి, ఆ చెట్టు ఇచ్చే తక్కినవన్నీ ఆవిడకి మడే. వేసవిలో ముంజెలు, భాద్రపదంలో తాటిపండు, చలికాలంలో కాల్చిన తేగలు, నాకు దగ్గు వస్తే మిరియాలతో నూరిన తాటిబెల్లం. తాటిబెల్లం ఏ లొట్టిలోంచి వచ్చిందో ఆవిడ అడగలేదు, మావ చెప్పలేదు. "తాటిచెట్టు కింద పాలు తాగినా కల్లే అంటార్రా, ఆ గట్టు దరికి పోకు" అని నన్ను కేకలేసేది. అమ్మవారి సంబరంలో మాత్రం అదే కల్లు సాకగా పోసి వూరంతా దణ్ణం పెట్టేది. ఆమ్మ కూడా పెట్టేది. సోమర్సెట్ వాళ్ళు ముసలి ఆపిల్ చెట్టు మొదట్లో పోస్తారే, అల్లాగే.

మావ కొడుకూ నేనూ ఆరో తరగతిలో ఒకే బల్ల. 1989, వానాకాలం. తెలుగు పాఠం ఒక్కొక్కరిచేతా చదివిస్తున్నారు. వాడి వంతు వచ్చింది. పాఠంలో "కళ్ళు" అన్న మాట ఉంది. వాడు "కల్లు" అని చదివాడు. మేష్టారు మళ్ళీ చదవమన్నారు. మళ్ళీ "కల్లు" అనే అన్నాడు. మూడోసారీ అంతే. అప్పుడు నేను లేచి, "వాళ్ళింట్లో ఉండేది అదేనండి మేష్టారూ!" అన్నాను.

క్లాసంతా ఘొల్లుమంది. మేష్టారు కూడా నవ్వారు. ఆ రోజు నుంచి వాడి పేరు "లొట్టి" అయింది. ఆ పేరు పెట్టిన ఘనత నాదే. ఇంటికి వచ్చి గొప్పగా చెప్పుకున్నాను కూడాను.

ఇక్కడ ఒక మాట. మా శ్రీకాకుళం సీమలో ళకారం పలికేవాళ్ళు తక్కువ. మా ఆమ్మ జన్మంతా "నీల్లు" అనే అంది, "ఇల్లు"కీ "ఇళ్ళు"కీ తేడా లేకుండానే బతికింది. ఆవిణ్ణి చూసి ఎవరూ నవ్వలేదు. ఎమ్మే తెలుగులో మాండలికాల పేపరు రాసేటప్పుడు ఇది నేను పెద్ద విశేషంగా రాసి మార్కులు తెచ్చుకున్నాను. ఆ పూట బల్ల పక్కవాడు జ్ఞాపకం రాలేదు.

తరవాత వాడు బడికి రావడం మానేశాడు. మావ చెట్టుమీంచి పడి నడుం విరిగిందనీ, కుటుంబం కోసం వాడు మోకు పట్టాడనీ వూళ్ళో అనుకున్నారు. పెద్దయ్యాక అప్పుడప్పుడు వాడు మనసులో మెదిలినా, "తండ్రి పడిపోయాడు, పాపం చదువు ఆగిపోయింది" అని సరిపెట్టుకుంటూ వచ్చాను.

ఆ అమ్మాయి వెళ్ళిపోయిన రాత్రి పుస్తకాలు తిరగేశాను. చదువుకున్నవాడు తప్పుచేస్తే దాక్కునే మొదటి చోటు పుస్తకాల బీరువాయే. 1909లో థర్స్టన్ దొర అచ్చువేసిన ఏడు సంపుటాల కులాల పుస్తకంలో మా ప్రాంతపు యాతలూ, శెగిడీలూ ఉన్నారు, కల్లుతో బతికేవాళ్ళుగా. చెట్టుకింతని పన్ను కట్టించుకున్న తెల్లదొరల ప్రభుత్వానికి ఆ కల్లు మీద ఏవగింపు ఏమీ లేదు. 1937 అక్టోబరులో రాజాజీ సేలం జిల్లాలో మద్యనిషేధం మొదలుపెట్టారు. 1948కల్లా అది మద్రాసు రాష్ట్రమంతటికీ వచ్చింది. గీతవాళ్ళ బతుకుతెరువుకి తాటిబెల్లం సహకార సంఘాలు పెట్టారు గాని, అందరికీ ఆ బెల్లం ఎక్కడ చాలుతుంది? 1954 నవంబరులో ప్రకాశం పంతులుగారి మంత్రివర్గం ఈ నిషేధం గొడవ మీదనే, ఒక్క వోటు తేడాతో పడిపోయింది. నిషేధం వచ్చాక ఎవరెల్లా బతికారో రావిశాస్త్రిగారి "ఆరు సారా కథలు" చదివినవాళ్ళకి నేను చెప్పనక్కర్లేదు.

తాగుడు మంచిదని నేను చెప్పడం లేదు సుమండీ. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్ళు సారా దుకాణం మూయించినప్పుడు మా అమ్మ పేపరు గట్టిగా చదివి అందరికీ వినిపించింది. అది సారా. కాగబెట్టి దింపినది. చెట్టు కల్లు ముదిరినా బీరంతే మత్తు. పొద్దెక్కితే పాడయిపోయేది, వూరు దాటి పోలేనిది. చెట్టు మొహం చూడని కల్లు వేరే ఉంది. మత్తుమందు కలిపి అమ్మేది. 2025 జూలైలో హైదరాబాదు కూకట్‌పల్లి వైపు కల్తీ కల్లుకి కొందరి ప్రాణాలు పోయాయి. ఆ పాపంలో గెల చెక్కేవాడి వాటా ఎంత? అదే హైదరాబాదులో హుసేన్‌సాగర్ ఒడ్డున 2023లో ప్రభుత్వం నీరా కేఫ్ తెరిచింది. పేపర్లు దిద్దే పనిమీద వెళ్ళినప్పుడు నేనూ మిత్రులతో కూర్చుని గాజుగ్లాసులో తాగాను. ఫోటో కూడా తీయించుకున్నాను. మా గట్టు మీద తాగి ఉంటే తీయించుకునేవాణ్ణా?

ఇంకొకటి తోచింది. నేను పాఠం చెప్పి జీతం తీసుకునే కావ్యాలన్నీ వందల యేళ్ళపాటు బతికింది తాటాకుల మీదే. ఆకు మీద గంటంతో పెట్టిందీ గీతే, గెల మీద కత్తితో పెట్టిందీ గీతే. మొదటి గీత గీసినవాణ్ణి కవి అన్నాం, లేఖకుడన్నాం.

మార్చి 9, ఆదివారం. ఏటా మార్చి 9, 10 తేదీల్లోనూ మళ్ళీ అక్టోబరు మొదట్లోనూ, మబ్బు లేకపోతే, సూర్యకిరణాలు గుళ్ళో స్వామి పాదాల మీద పడతాయి. తెల్లవారకముందే వూరంతా జనం. నేను గుడికని బయలుదేరి గార రోడ్డు పట్టాను. మా పొలం 2008లోనే అమ్మేశాం, ఇళ్ళస్థలాలయింది. పదకొండు తాళ్ళలో నాలుగున్నాయి. నాలుగోదాని మీంచి ఒక మనిషి దిగుతున్నాడు.

తల సగం నెరిసింది. రొమ్ము మీదా, మోకాళ్ళ లోపలి వైపూ చర్మం నల్లగా కాయలు కాచింది. నాకు వాణ్ణి ఒరే అనాలో, ఏమండీ అనాలో తెలియలేదు.

"మేష్టారా! ఏటిలాగొచ్చినారు?" అన్నాడు, లొట్టి కిందపెట్టి.

"గుడికొచ్చి..." అన్నాను. గుడి అటుంది. అతనేమీ అనలేదు.

"మా గుంట సెప్పింది మీ దగ్గరే సదువుతందని. తీపిదిమ్మంటారా, పులిసిందిమ్మంటారా?"

"తీపిదే" అన్నాను.

"అదే అనుకున్నాను" అని చిన్నగా నవ్వి, లేత తాటాకు మడిచి దొప్ప చేసి, చెత్తా చీమలూ లేకుండా గుడ్డలో వడకట్టి పోశాడు. చల్లగా ఉంది. ముంజె నీళ్ళ వాసన, చివర్న కొంచెం సున్నం రుచి. రోడ్డు మీద గుడినుంచి వెనక్కి వస్తున్నవాళ్ళలో మా వీధివారొకరు నన్ను చూసి, చూడనట్టు తల తిప్పుకున్నారు. ఆమ్మ సామెత జ్ఞాపకం వచ్చింది. నేను తాగుతున్నది పాలు కూడా కాదు.

ఇంకా ఎన్ని చెట్లు గీస్తావని అడిగాను. పద్ధెనిమిది అన్నాడు. తన వయసువాళ్ళు ఇద్దరే మిగిలారట. కుర్రాళ్ళెవరూ మోకు పట్టలేదు. విశాఖపట్నం, చెన్నపట్నం పోయి ఇళ్ళ కట్టుబడి పనులు చేస్తున్నారు. "తాడు ముదిరి పారడానికి పదిహేనేల్లు పడతాది. కొట్టీడానికి పూట సాలు" అన్నాడు. సీతంపేట వైపు సవరలు జీలుగుచెట్లు గీస్తారు గదా, ఆ పని చూసొద్దామని ఒకసారి వెళ్ళి రెండ్రోజులున్నాడట. వాళ్ళు కల్లు దింపితే అమ్మకానికి ముందు నలుగురూ కూచుని పంచుకుంటారని ముచ్చటగా చెప్పాడు. ఆ మాటలు చెబుతున్నంతసేపూ అతని మొహం వెలిగింది.

"అమ్మాయి బాగా చదువుతోంది" అన్నాను.

"కాయితంలో నా పని ఏటని రాసింది?"

"కూలి అని."

"నానే సెప్పినాను. కాలేజీలో కల్లు మాట ఎత్తొద్దే, నవ్వుతారు అన్నాను."

నవ్వుతారని నీకెలా తెలుసునని నేనడగలేదు. అడగవలసిన పని లేదు. ఏదో ఒకటి అనాలి గనక, "నాన్న పడిపోకపోతే నువ్వూ చదువుకునేవాడివి" అన్నాను.

అతను కత్తి నూరుకుంటున్నవాడు తల ఎత్తాడు. "అయ్య పడింది ఆ మరుసటేడు కదేటి మేష్టారూ. మాగం నెలలో. నాను బడి మానీసింది అంతకుముందు వానల్లోనే. ఆ యేడు అయ్యకి మంచిగానే ఉంది. సదువుకోమని నెత్తీ నోరూ కొట్టుకున్నాడు. నానే యెల్లనేదు."

చెట్టు మీద కాకి అరుస్తోంది. ముప్ఫయి అయిదేళ్ళు నేను ఆనుకుని కూచున్న గోడ అది. అతను దాన్ని పడగొట్టాలని పడగొట్టలేదు. ఏ యేడు ఏం జరిగిందో చెప్పాడు, అంతే.

"ఆ రోజు క్లాసులో ఆ మాట అన్నది నేను" అన్నాను.

"గురుతుంది."

"తప్పయిపోయింది."

అతను వెంటనే మాట్లాడలేదు. కత్తి అంచు బొటనవేలితో చూసుకుని పెట్టెలో పెట్టాడు. "ఆ మాట ఎలాగనాలో ఇప్పుడు సెప్పండి మేష్టారూ. మొకమ్మీద ఉంటాయి కదా, అవి. నాకిప్పటికీ నాలిక తిరగదు" అన్నాడు. నవ్వుతున్నాడో లేదో గడ్డం మాటున తెలియలేదు.

నేను చెప్పలేకపోయాను. అతను మోకు భుజాన వేసుకున్నాడు. ఇంకా అయిదు చెట్లున్నాయట, ఎండెక్కకముందే దింపాలి. నాలుగడుగులు వేసి వెనక్కి తిరిగి, "ఆ గుంట ఇట్టం మేష్టారూ. ఏటి రాస్తే అది రాయనీండి" అన్నాడు.

పది రోజుల తరవాత ఆ అమ్మాయి స్టాఫ్‌రూం గుమ్మం దగ్గర నిలబడి వివరాల పుస్తకం ఒకసారి ఇమ్మంది. ఎందుకని నేనడగలేదు. ఇంగ్లీషు మిత్రుడు అక్కడే కూర్చుని టీ తాగుతున్నారు. ఆ పిల్ల తన పేజీ తీసి, "కూలి" అన్నదాన్ని ఒక్క గీతతో కొట్టేసి, పైన జాగ్రత్తగా "కల్లుగీత" అని రాసింది.

అలవాటు చొప్పున అక్షరాలు చూశాను. ల కింద ల వొత్తే పెట్టింది. తప్పు లేదు.

"కొట్టివేత ఉంటే పక్కన మీ సంతకం కావాలటండీ" అంది.

కలం తీసి సంతకం చేశాను.